పరుగు ఆపని ఊపిరి

“ఇందులో ఏ లోపమూ లేదండీ,” అన్నాడు టీవీ మెకానిక్, మూడోసారి.

“సరిగ్గా చూడవయ్యా,” అన్నారు నాన్నగారు, ఆయనా మూడోసారే.

హాల్లో టీవీ మొహం గోడకి పెట్టి, వీపు విప్పించుకుని కూర్చుంది. తప్పు చేసిన పిల్లని క్లాసులో నిలబెట్టినట్టుంది. నిజానికి తప్పు దానిది కాదు. ఆ సంగతి ఇంట్లో అందరికీ తెలుసు. అందరికీ తెలుసు కాబట్టే ఎవరూ పైకి అనడం లేదు.

నిన్న సాయంత్రం ఇదే హాల్లో కాలు పెట్టడానికి చోటు లేదు. పెద్దమ్మాయి మొట్టమొదటిసారి టీవీలో పరుగుపందేనికి వ్యాఖ్యానం చెప్పబోతోందని నాన్నగారు బిల్డింగంతా పిలిచారు. ఇంటికెళ్ళి పిలవనివాళ్ళకి లిఫ్టులో చెప్పారు. లిఫ్టు ఎక్కనివాళ్ళ కోసం మెట్లమీద నిలబడ్డారు.

తుపాకీ పేలింది. అమ్మాయిలు హర్డిల్స్ మీదుగా దూసుకుపోయారు. టీవీలోంచి ఒక్క మాట రాలేదు. పందెం మొదట్నించి చివరిదాకా ఈగ వాలితే వినబడేంత నిశ్శబ్దం. నాన్నగారు ముందు రిమోట్‌ని కొట్టారు. తరవాత టీవీని కొట్టారు. తరవాత కేబులతనికి ఫోన్ చేసి, నిండు సభలో అతని వంశాన్నంతా దులిపేశారు. ఆఖరమ్మాయి గీత దాటాక టీవీలోంచి “హమ్మయ్య” అని మాత్రం వినబడింది. గొంతు పెద్దమ్మాయిదే.

“మా టీవీలో ఏదో లోపమండీ. మాటలు మింగేస్తోంది,” అని నాన్నగారు సభకి మనవి చేసుకున్నారు.

“మా అత్తగారు ఇంట్లోనే ఉండి చూశారు. అక్కడా ఇలాగే వచ్చిందిట,” అన్నారు ఎదురింటి మేనేజరుగారు.

“అయితే మీదీ చూపించుకోండి.”

నాన్నగారు పద్ధతిగల మనిషి. అబద్ధం ఆడినా దానికి రసీదు ఉండాలంటారు. అందుకే పొద్దున్నే మెకానిక్.

“బాగున్నదాన్ని ఏం బాగు చెయ్యమంటారు సార్?”

“ఏదో ఒకటి చెయ్యి. చేసేటప్పుడు మాత్రం వీధి తలుపు తీసే ఉంచు. ఎదురింటివాళ్ళకి కనబడాలి.”

మెకానిక్ మొహం వికసించింది. “ముందే చెప్పొచ్చుగా సార్! లోపం కావాలంటే వెతికి పెడతాను. వెతికితే లోపం దొరకని వస్తువుని నా సర్వీసులో చూళ్ళేదు.” అని, బాగున్న టీవీకి రెండో వరస స్క్రూలు ఊడదీయడం మొదలుపెట్టాడు.

పడగ్గది గుమ్మంలో పెద్దమ్మాయి వచ్చి నిలబడింది. ఈమెని ఇంట్లో ఎక్స్‌ప్రెస్ అంటారు. ఏళ్ళతరబడి హర్డిల్స్ దాటింది. రెండేళ్ళ కిందట మోకాలు మొరాయించి ఆగిపోయింది. పేరు మాత్రం ఆగలేదు.

“నాన్నా, టీవీ బాగానే ఉంది. మాట్లాడనిది నేనే.”

“ష్! తలుపు తీసుంది.”

“తీసుంటే ఏం? వాళ్ళందరికీ తెలుసు.”

“తెలియడం వేరు, మనం ఒప్పుకోవడం వేరు.”

సోఫాలో కాళ్ళు ముడుచుకుని కూర్చున్న నాయనమ్మ అందుకుంది. “ఇంతకీ ఎందుకే అలా మూగనోము పట్టావు? ఇంట్లో అయితే తెల్లారినప్పట్నించీ టపాకాయలా పేల్తావుగా?”

ఎక్స్‌ప్రెస్ సమాధానం చెప్పేలోపు ఫోన్ మోగింది. చానెల్ ప్రొడ్యూసర్. ఆవిడ గొంతు స్పీకర్ పెట్టకపోయినా గదంతా వినబడుతుంది.

“ఆదివారం ఫైనల్ ఉంది. ఇంకొక్క అవకాశం ఇస్తున్నాను. అప్పుడూ ఇదే అయితే నీకు వాతావరణం ఇస్తాను. మేఘాలు నెమ్మదిగా కదుల్తాయి. నీకు ఇబ్బంది ఉండదు.”

ఆవిడ ఫోన్ పెట్టేసింది. స్క్రూలు గిన్నెలో పడే చప్పుడు మాత్రం వినబడింది.

“వాతావరణం మాత్రం చిన్న విషయమా?” అంది అమ్మ వంటింట్లోంచి. “రోజూ కనబడతావు. మంచి బట్టలు వేసుకోవచ్చు. వాన పడకపోతే ఎవరూ నిన్నేమీ అనరు.”

“పడితే?”

“పడితే అసలే అనరు. అందరూ ఆరేసిన బట్టలు తీసే హడావిడిలో ఉంటారు.”

“అమ్మా, నాకు వాతావరణం వద్దు. నాకు ట్రాక్ కావాలి.” ఎక్స్‌ప్రెస్ సోఫా చెయ్యి మీద కూలబడింది. “తుపాకీ పేలగానే నా ఊపిరి ఆగిపోతోంది. పరిగెత్తే రోజుల్లో అలాగే చేసేదాన్ని. గట్టిగా పీల్చి, బిగబట్టి, గీత దాటాక వదిలేదాన్ని. అదిప్పుడు నేను చెయ్యట్లేదు. దానంతటదే అయిపోతోంది. ఊపిరి ఆడకుండా మాటెక్కడిది?”

నాన్నగారి మొహంలో కొత్త వెలుగు వచ్చింది. “అంటే ఇది శ్వాసకి సంబంధించిన సమస్య!” అన్నారు, టీవీకంటే ఇది కాస్త గౌరవంగా ఉంటుందని.

“డాక్టర్లూ మందులూ అక్కర్లేదురా,” అని నాయనమ్మ సోఫా దిగింది. “అలవాటు తప్పించాలంతే. ప్యాసింజర్ని పిలు.”

ప్యాసింజర్ అంటే తమ్ముడు. పడగ్గది నుంచి వీధిగుమ్మం దాకా రావడానికి అతను దారిలో సోఫా, ఫ్రిజ్, అద్దం, అన్ని స్టేషన్లలోనూ ఆగుతాడు. ఉద్యోగం కోసం పరీక్షలు రాస్తున్నాడు. ఆ ఉద్యోగాలు ఇంకా ఇతన్ని అందుకోలేదు.

“పరిగెత్తాలా? నేనా?” అన్నాడు ఫ్రిజ్ స్టేషన్లో నిలబడి.

“మీ అక్క ఉద్యోగం కోసంరా.”

“నా ఉద్యోగం కోసమే నేను ఇంతవరకూ పరిగెత్తలేదు నాయనమ్మా.”

అయినా పావుగంటలో ఫ్లాట్ల మధ్య వరండా తయారైంది. రెండు ప్లాస్టిక్ స్టూళ్ళు, మాసిన బట్టల బుట్ట, బోర్లించిన నీలం బకెట్టు. నాయనమ్మ రెండు చేతుల్లోనూ రెండు చెప్పులు పట్టుకుంది. అది తుపాకీ. ఎక్స్‌ప్రెస్ దువ్వెన పట్టుకుంది. అది మైకు.

చెప్పులు ‘టప్’మన్నాయి. ప్యాసింజర్ బయల్దేరాడు.

“బయల్దేరారు... బయల్దేరుతూనే ఉన్నారు,” అంది ఎక్స్‌ప్రెస్ దువ్వెనలోకి. “మొదటి స్టూలు దగ్గరికి వచ్చారు. స్టూలుని చూశారు. స్టూలు కూడా ఆయన్ని చూసింది. ఇద్దరూ ఆలోచనలో పడ్డారు. పక్కనించి వెళ్ళాలని ఆయన నిర్ణయించుకున్నారు...”

నాయనమ్మ చెప్పులు చంకలో పెట్టుకుని చప్పట్లు కొట్టింది. “బ్రహ్మాండంగా చెప్తోందిగా! ఏదీ నీ ఊపిరి జబ్బు?”

“వీడి పందేనికి ఊపిరెందుకు నాయనమ్మా? మధ్యలో కునుకు తీసి లేచి కూడా చెప్పొచ్చు.”

ఆ మాట ప్యాసింజర్‌కి తగిలింది. మగపిల్లాడు, రోషం లేకపోలేదు. వెనక్కి వెళ్ళి, నాలుగడుగులు పరిగెత్తి, బకెట్టు మీద నుంచి ఎగరబోయాడు. ఎగిరాడు కూడా. దిగడం మాత్రం బకెట్టు మీదే దిగాడు.

ఫెటిల్లుమంది.

వంటింట్లో పోపు గరిటె ఆగిపోయిన చప్పుడు వినబడింది. ఆ చప్పుడు ఆ ఇంట్లో అందరూ గుర్తుపడతారు.

“అదేమిటి పగిలింది?” అంటూ అమ్మ గరిటెతో సహా గుమ్మంలోకి వచ్చింది. చూసింది. ఈసారి ప్యాసింజర్ నిజంగా పరిగెత్తాడు.

“ఆగరా! కొత్త బకెట్టురా! బేరమాడి బేరమాడి తెచ్చాన్రా! స్టూలు దాటేశాడమ్మా, ఎప్పుడు నేర్చుకున్నాడు? అటు కాదు, అటు మేనేజరుగారి పూలకుండీ ఉంది, అది తన్నావంటే ఊరుకోను... తన్నావు! తన్నేశావు! మేనేజరుగారూ, ఏమీ అనుకోకండి, కుండీ నిలబడింది, మొక్కే పడింది! మలుపు తిరిగాడు, మెట్ల వైపు పోతున్నాడు, మెట్లమీద తడుంది, జాగ్రత్త, జారావంటే మళ్ళీ నేనే చెయ్యాలి నీకు చాకిరీ... అదిగో జారాడు! లేచాడు! చెప్పు వదిలేశాడు! చెప్పుకి కూడా లోకువైపోయాను!”

అమ్మ అరుస్తూనే అతని వెనక వరండా అటు చివరిదాకా వెళ్ళి, ఇటు చివరిదాకా వచ్చి, గుమ్మంలో ఆగింది. ఆయాసం లేదు. జుట్టు చెదరలేదు. గరిటెలో ఆవాలు కూడా ఒలకలేదు.

ఎక్స్‌ప్రెస్ బుగ్గలు పూరించుకుని, కళ్ళు పెద్దవి చేసి, దువ్వెన పట్టుకుని నిలబడి ఉంది. ఒక్క ముక్క అనలేదు. నాయనమ్మ ఆమె వీపు మీద ఒక్కటి వేస్తే భుస్సున గాలి బయటికి వచ్చింది.

“అమ్మా,” అంది, “నువ్వు ఊపిరి ఎప్పుడు తీసుకుంటావు?”

“ఊపిరి తీసుకునే తీరిక ఈ ఇంట్లో నాకెక్కడేడిసింది?” అని అమ్మ లోపలికి వెళ్ళిపోయింది.

ఎక్స్‌ప్రెస్ వెనకాలే వెళ్ళింది. వంటింటి గట్టు మీద ఎక్కి కూర్చుంది. గట్టు మీద కూర్చుంటే అమ్మ తిడుతుంది. ఇవాళ తిట్టలేదు. తిట్టకపోతే ఇంకా భయం.

హాల్లోంచి మెకానిక్ “దొరికింది సార్!” అని అరిచాడు. “ఏమిటి?” అన్నారు నాన్నగారు ఆశగా. “దుమ్ము సార్!”

“పరిగెత్తేది నువ్వు కాదు కదే,” అంది అమ్మ మెల్లిగా, గిన్నెలోకి చూస్తూ.

“అదే అమ్మా.”

“అదేమిటి?”

“ఊపిరి వదిలేస్తే...” ఎక్స్‌ప్రెస్ దువ్వెన పళ్ళు లెక్కపెడుతున్నట్టు వేలితో మీటింది. “వదిలేస్తే ఇంక నేను పరిగెత్తట్లేదని అర్థం. పైన గాజుగదిలో కూర్చుని, వేరేవాళ్ళు పరిగెత్తుతుంటే చెప్పేదాన్నని అర్థం. బిగబట్టినంతసేపూ నేనూ వాళ్ళతోనే ఉంటాను.”

అమ్మ స్టవ్ తగ్గించింది. కన్నీళ్ళు పెట్టుకుంటుందేమో అని ఎక్స్‌ప్రెస్ భయపడింది. అమ్మ అలాంటి పనులకి పనివేళల్లో ఒప్పుకోదు.

“చూడు. నువ్వు పరుగు ఆపేసి రెండేళ్ళయింది. నీ మోకాలికి తెలుసు. డాక్టరుకి తెలుసు. పక్క వీధి చెప్పుల షాపువాడికి కూడా తెలుసు, పాపం, వాడి వ్యాపారం పడిపోయింది. ఒక్క నీ ఊపిరికే కబురందలేదు. వెళ్ళి చెప్పు దానికి. నీకు చెప్పడం చాతకాకపోతే నేనొచ్చి చెప్తాను.”

“నువ్వు చెప్తే ఇంక అది ఎప్పటికీ రాదమ్మా.”

“వెధవ వేషాలు,” అంది అమ్మ. “గట్టు దిగు.”

ఎక్స్‌ప్రెస్‌కి ప్రాణం లేచొచ్చింది.

ఆదివారం స్టేడియంలో, గీతకి సరిగ్గా ఎదురుగా ఉన్న గాజుగదిలో రెండు కుర్చీలు, రెండు మైకులు, ఒక ఫ్యాను ఉన్నాయి. ఫ్యాను గంభీరం గారి వైపు తిరిగి ఉంది. గంభీరం గారు అందరికంటే సీనియర్ వ్యాఖ్యాత; ఈసారి ఎక్స్‌ప్రెస్‌కి తోడుగా వేశారు. ఆయన గొంతు బావిలోంచి వచ్చినట్టుంటుంది. “మంచినీళ్ళు” అన్నా ఎక్కడో యుద్ధం మొదలైనట్టు వినబడుతుంది.

“మాట రాకపోతే కంగారుపడకమ్మా,” అన్నారాయన ఎంతో దయగా. “నా చెయ్యి తట్టు. నేనందుకుంటాను.”

“అలాగేనండీ.”

“తట్టకపోయినా అందుకుంటాను.”

ఇంతలో ఇంటి నుంచి ఫోన్. అమ్మ.

“మీ నాన్న ఎవర్నీ పిలవలేదే ఈసారి.”

“మంచిదే.”

“అందరూ వాళ్ళంతట వాళ్ళే వచ్చారు. టీవీ బాగయిందో లేదో చూద్దామని. మేనేజరుగారు వాళ్ళ అత్తగార్ని కూడా తీసుకొచ్చారు. ఆవిడ వచ్చి ముందు వరసలో కూర్చుంది. చూడు, మీ నాన్న చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలీక రిమోట్ పట్టుకుని...”

“అమ్మా, పెట్టేస్తున్నా. మొదలవుతోంది.”

అమ్మాయిలు గీత దగ్గర వంగారు. ఎక్స్‌ప్రెస్ కుర్చీ అంచుకి జరిగింది. స్టేడియంలో మాటలు సద్దుమణిగాయి. తుపాకీ పేలింది.

ఊపిరి ఆగిపోయింది.

మొదటి హర్డిల్ దాటారు. గదిలో ఫ్యాను చప్పుడు తప్ప ఏమీ లేదు. గంభీరం గారు పక్కనుంచి ఒకసారి చూసి, తన మైకు దగ్గరికి లాక్కుని, బావిలోంచి నీళ్ళు తోడడానికి సిద్ధమైనట్టు గుండెల నిండా గాలి పీల్చుకున్నారు.

ఐదో లేన్‌లో అమ్మాయి రెండో హర్డిల్ మీద చెయ్యి బారుగా బయటికి విసిరింది. ఒళ్ళంతా పక్కకి తిరిగింది. ఎక్స్‌ప్రెస్‌కి ఒళ్ళు మండింది.

“చెయ్యి! ఆ చెయ్యెందుకమ్మా అటు, ఎవర్నన్నా పిలుస్తున్నావా? లోపలికి పెట్టుకో!”

ఊపిరి బయటికి వచ్చేసింది. దాని వెనకే మాటలు, బడి వదిలిన పిల్లల్లా.

“ఐదో లేన్, రెండో హర్డిల్ దగ్గర తడబడింది, పడలేదు, సర్దుకుంది, శభాష్! మూడో లేన్ ముందుంది, అందరికంటే ముందుంది, కానీ చూడండి, ప్రతిసారీ మరీ ఎత్తుకి ఎగురుతోంది. గాల్లో ఉన్నంతసేపూ ఎవరూ పరిగెత్తలేరండీ, నేల మీదికి రావాలి, దిగమ్మా దిగు! ఏడో లేన్ హర్డిల్‌ని తన్నేసింది, ఫరవాలేదు, తన్నితే తప్పు కాదు, నొప్పి మాత్రం రేపు పొద్దున తెలుస్తుంది! ఐదో లేన్ వస్తోంది. వచ్చేస్తోంది!”

గంభీరం గారు పీల్చుకున్న గాలిని ఏం చెయ్యాలో తెలియక అలాగే ఉంచుకున్నారు.

మాట్లాడుతూనే ఎక్స్‌ప్రెస్ ఒక సంగతి గమనించింది. ఇన్నేళ్ళలో తను ఒక్క పందెం కూడా చూడలేదు. పరిగెత్తిన ప్రతిసారీ చూసింది తన లేన్ ఒక్కటే. అన్ని లేన్లూ ఒకేసారి కదులుతుంటే ఇంత అందంగా ఉంటుందని ఎవరూ చెప్పలేదు. చెప్పాల్సినవాళ్ళు ఈ గదిలో కూర్చుని యుద్ధం ప్రకటిస్తూ ఉండేవాళ్ళు.

“ఆఖరి హర్డిల్! మూడూ ఐదూ సరిసమానం! వంగు, వంగమ్మా, ఛాతీ ముందుకి... ఐదు! ఐదో లేన్ గెలిచింది!”

“మూడో లేన్ విజయఢంకా మోగించింది!” అన్నారు గంభీరం గారు అదే క్షణంలో.

రెండు వాక్యాలూ ఒకేసారి దేశం మీద పడ్డాయి.

ఒకరినొకరు చూసుకున్నారు. మైకులు ఇంకా ప్రసారంలోనే ఉన్నాయని ఇద్దరికీ గుర్తొచ్చింది.

“మా సహ వ్యాఖ్యాత ఉత్సాహంలో ఐదు అన్నారు,” అన్నారు గంభీరం గారు నవ్వుతూ. “చిన్న వయసు.”

“పెద్దవారు మూడన్నారు,” అంది ఎక్స్‌ప్రెస్, ఆమె కూడా నవ్వుతూనే. “ఆయన మీద నాకెంతో గౌరవం. కానీ ఐదే.”

“ముప్ఫయ్యేళ్ళుగా ఈ గీతనే చూస్తున్నానమ్మా.”

“నేను పక్కనించి చూడలేదండీ. మీద పడి దాటాను.”

చెవిలో ప్రొడ్యూసర్ గొంతు ఖంగుమంది. “ఏమిటా పేచీ? నువ్వు బాగా మాట్లాడావు, ఒప్పుకున్నాను. ఇప్పుడు మాత్రం ఆయనతో ఏకీభవించు. ‘చెప్పలేం, ఫోటో చూద్దాం’ అను, చాలు.”

ఎక్స్‌ప్రెస్, మాట ప్రొడ్యూసర్‌కి మాత్రమే వెళ్ళే మీట వేలితో నొక్కింది. “చెప్పగలిగితే చెప్పలేనని ఎలా అంటానండీ?”

“నీదే తప్పయితే రేపట్నించి మేఘాలే. చూసుకో.”

వేలు తీసింది. కింద మూడో లేన్ అమ్మాయి, ఐదో లేన్ అమ్మాయి నడుం మీద చేతులు పెట్టుకుని, రొప్పుతూ, తల పైకెత్తి పెద్ద తెర వైపు చూస్తున్నారు. ఇద్దరికీ తెలీదు. గీత దాటేవాళ్ళకి ఎప్పుడూ తెలీదు. ఆ సంగతి ఆమెకి బాగా తెలుసు.

“ఐదో లేన్,” అంది మళ్ళీ, ఈసారి నెమ్మదిగా. “రాసి పెట్టుకోండి.”

గీత దగ్గర తీసిన ఫోటో వస్తోందన్నారు. గదిలో ఉన్న చిన్న తెర మీదా, బయట పెద్ద తెర మీదా బొమ్మ పైనుంచి కిందికి, తడిబట్ట విప్పుతున్నట్టు, అంగుళం అంగుళం దిగడం మొదలెట్టింది. ముందు ఆకాశం వచ్చింది. తరవాత జుట్లు వచ్చాయి. తరవాత తలలు.

మూడో లేన్ తల, ఐదో లేన్ తలకంటే స్పష్టంగా బెత్తెడు ముందుంది.

స్టేడియంలో ఒక మూల కేరింతలు లేచాయి. గంభీరం గారు కుర్చీలో వెనక్కి వాలి, ఫ్యానుని కొద్దిగా ఎక్స్‌ప్రెస్ వైపు తిప్పారు. గెలిచినవాళ్ళు చూపించే దయ అది.

“చూశావా అమ్మా,” అన్నారు, మైకులోనే.

ఎక్స్‌ప్రెస్ తెర మీంచి చూపు తిప్పలేదు.

“పరుగుపందెంలో తల లెక్కలోకి రాదండీ,” అంది. “ఛాతీ ఎవరిది ముందు చేరితే వాళ్ళదే గెలుపు. కాస్త కిందికి రానివ్వండి.”

గాజుగదిలో నవ్వు ఆగిపోయింది. గంభీరం గారు ముందుకి వంగారు. బొమ్మ ఇంకో అంగుళం దిగింది. చెవులు వచ్చాయి. చుబుకాలు వచ్చాయి.

సరిగ్గా మెడల దగ్గరికి వచ్చి, రెండు తెరల మీదా బొమ్మ ఆగిపోయింది. ఈసారి ఊపిరి బిగబట్టింది స్టేడియమంతా; ఎక్స్‌ప్రెస్ మాత్రం మాట్లాడుతూనే ఉంది.